దొరసాని వంటింట్లోకి ఎలా వచ్చింది? 'మార్త' అనే పేరు వెనక కథ

అఫ్గానిస్తాన్‌లోని కాందహార్ దగ్గర 1958లో అశోకుడి శాసనం ఒకటి బయటపడింది. కొండరాతి మీద చెక్కింది, సుమారు క్రీ.పూ. 260 నాటిది. పైన గ్రీకు, కింద పశ్చిమాసియా పాత భాష అరామిక్. గ్రీకు భాగం అశోకుణ్ణి 'ప్రియదర్శి రాజు' అని ఊరుకుంటుంది. అరామిక్ రాసినవాడు మాత్రం ఇంకాస్త వంగి దణ్ణం పెట్టాడు. అక్కడ ఆయన 'మారన్ ప్రియదర్శి'. మారన్ అంటే 'మన ప్రభువు'. మన నుడికారంలో చెప్పాలంటే 'మా దొరవారు'.

ఈ మారన్‌లో ఉన్న 'మార్' అనే మాటకు స్త్రీలింగం వేస్తే వచ్చేదే మార్త. అంటే మౌర్య చక్రవర్తి ముందు పెట్టిన గౌరవవాచకమూ, బైబిల్లో, బేతనియ ఊళ్లో ఇంటికొచ్చిన అతిథి యేసు కోసం ఊపిరాడకుండా పనిచేసిన ఆ అక్క పేరూ ఒకే మాటలోంచి పుట్టాయన్నమాట. ఈ రెంటికీ మధ్య ఉన్న దూరమే ఈ పేరు కథ.

పేర్లకు అర్థాలు చెప్పే పట్టికలు తిరగేస్తే మార్తకు కనీసం మూడు అర్థాలు కనిపిస్తాయి. 'యజమానురాలు' అని ఒకటి, 'చేదు, దుఃఖం' అని ఇంకొకటి, 'సేవ చేసే స్త్రీ' అని మరొకటి. మూడూ పక్కపక్కనే ఉంటాయి, ఏది ఎక్కణ్ణుంచి వచ్చిందో చెప్పే దిక్కుండదు. మొదటిది భాష ఇచ్చిన అర్థం. రెండోది పొరపాటు. మూడోది కథ అంటించిన అర్థం. ఒక్కొక్కటే విప్పుకుంటూ పోదాం.

మాట లోపలి కట్టు

అరామిక్ మొదట సిరియా ప్రాంతపు అరామీయుల భాష. నేర్చుకోవడానికి తేలికైన లిపి ఉండటంతో అసీరియన్లు, బాబిలోనియన్లు దాన్ని వాడుకున్నారు. ఆ తర్వాత పారశీక సామ్రాజ్యం ఈజిప్టు నుంచి సింధు దాకా దాన్నే ఆఫీసు భాషగా చేసింది. కాందహార్ రాయి మీదికి అది రావడానికి కారణం కూడా అదే. పారశీకులు పోయినా వాళ్ల గుమాస్తాల భాష పోలేదు. యేసు ఇంట్లో మాట్లాడిన భాష కూడా ఇదే.

ఇందులో 'మార్' అంటే ప్రభువు, ఏలిక, యజమాని. 'మారీ' అంటే నా ప్రభువు, 'మారన్' అంటే మన ప్రభువు. నైలు నదిలోని ఎలిఫెంటైన్ దీవిలో కాపలా ఉన్న యూదు సైనికులు, కూలగొట్టిన తమ గుడిని మళ్లీ కట్టుకోవడానికి సాయం చేయమంటూ క్రీ.పూ. 407లో యూదయ గవర్నరుకు అర్జీ పెట్టుకున్నారు. ఆ అర్జీ రాసిన పపైరస్ (రెల్లు కాగితం) ఇప్పటికీ ఉంది. అది మొదలయ్యేదే 'మా ప్రభువు బగోహీ గారికి' అని. అర్జీ మొదట్లో 'మహారాజశ్రీ' రాసే అలవాటు ఎంత పాతదో చూడండి. బైబిల్లో దానియేలు గ్రంథం సగం అరామిక్‌లోనే ఉంది. అందులో నెబుకద్నెజరు రాజుకు కల అర్థం చెప్పబోతూ దానియేలు ఆయన్ని 'మారీ' అనే పిలుస్తాడు.

ఇక స్త్రీలింగం. అరామిక్‌లో స్త్రీలింగానికి గుర్తు 'త్'. మాట చివర 'ఆ' చేరిస్తే ఫలానా అని వేలు పెట్టి చూపినట్టు. మార్ + త్ + ఆ, మార్తా. అంటే 'ఎవరో ఒక యజమానురాలు' కాదు, 'ఆ యజమానురాలు'. ఇంటావిడ. తెలుగులో దీనికి ఈడూ జోడూ కుదిరే మాట దొరసాని. దొరకు దొరసాని ఎలాగో, మార్‌కు మార్త అలాగ. 'అమ్మగారు' అన్నా సరిపోతుంది. నిజానికి కొత్త నిబంధనలోని యోహాను రెండో పత్రిక ఒక 'కురియా'ను ఉద్దేశించి మొదలవుతుంది. ఆ గ్రీకు మాటను తెలుగు బైబిలు 'అమ్మగారు' అనే అనువదించింది. కురియా, మార్త, అమ్మగారు మూడు భాషల్లో ఒకే కుర్చీలో కూర్చునే మాటలు. ఇది గుర్తుపెట్టుకుంటే 'మార్తమ్మ' అనే పిలుపు కొంచెం నవ్వు తెప్పిస్తుంది. మార్తలోనే అమ్మగారు ఉంది, దానికి మళ్లీ మనం అమ్మను తగిలించాం.

ఈ మాట ఇంకా బతికే ఉంది. ఆధునిక హీబ్రూ ఈ అరామిక్ మాటను అరువు తెచ్చుకుని పురుషుల పేర్ల ముందు 'మార్' అని పెట్టింది, మన 'శ్రీ' లాగ. పాతకాలపు మర్యాదలో స్త్రీలకు 'మారత్'. కేరళ సిరియన్ క్రైస్తవులు తమ బిషప్పుల పేర్లకు ముందు వాడే 'మార్' కూడా ఇదే. వాళ్ల చర్చిల్లో కొన్నింటి పేరు 'మార్త్ మరియం'. కురవిలంగాడ్‌లో ఒకటి, త్రిస్సూర్‌లో ఒకటి ఉన్నాయి. ఆ పేరు చూసి మార్త, మరియ అనే అక్కచెల్లెళ్లిద్దరి పేర అని పొరపాటు పడే అవకాశం ఉంది. కాదు. అది 'దొరసాని మరియ', అంటే యేసు తల్లి. మొదటి మాట అక్కడ పేరు కాదు, బిరుదు.

బిరుదు పేరయిన దారి

పిలుపు పేరుగా మారడం వింతేమీ కాదు. రాణి, రాజు అనే పేర్లు మనకు తెలిసినవే. అయితే మార్త విషయంలో మనుషుల కంటే ముందు దేవతల్ని కూడా చూడాలి. ఉత్తర ఇరాక్‌లో హత్రా అనే పాత నగరం ఉంది. అక్కడి జనం క్రీ.శ. 2వ శతాబ్దంలో కొలిచిన ముగ్గురు దైవాల పేర్లు మారన్, మార్తన్, బర్‌మారెన్. 'మన దొర, మన దొరసాని, మన దొరల కొడుకు' అని అర్థం. అసలు పేర్లు పలకకుండా మర్యాదగా ఇలా పిలుచుకున్నారు. గాజా నగరంలోని పెద్ద దేవుడు 'మర్నాస్' కూడా మారన్‌కు గ్రీకు తోక తగిలించినవాడే. దేవుణ్ణి 'స్వామి' అనీ, దేవతను 'అమ్మవారు' అనీ పిలిచే మనకు ఇది వేరే చెప్పనక్కర్లేదు.

మనుషుల్లో మనకు దొరికే తొలి మార్తల్లో ఒకావిడకు బైబిలుతో సంబంధమే లేదు. క్రీ.పూ. 2వ శతాబ్దం చివర్లో రోము సేనాని మారియుస్ ఉత్తరాది తెగలతో యుద్ధాలు చేస్తున్నప్పుడు ఆయన వెంట ఒక సిరియా జోస్యురాలు ఉండేదని గ్రీకు రచయిత ప్లుటార్క్ రాశాడు. పేరు మార్త. అంతకుముందు ఆమె జోస్యం చెబుతానని సెనేట్ దగ్గరికి వెళ్తే వాళ్లు పొమ్మన్నారు. తర్వాత ఒక ఖడ్గయోధుల (గ్లాడియేటర్ల) పోటీలో మారియుస్ భార్య కాళ్ల దగ్గర కూర్చుని, ఎవరు గెలుస్తారో ముందే చెప్పిందట. చెప్పినట్టే గెలిచాడు. ఆవిడ వెంటనే ఈమెను భర్త దగ్గరికి పంపించింది. ఇక ఆయన ఆమెను పల్లకీలో తిప్పాడు. బలి ఇవ్వాలంటే ఆమె చెప్పిన ముహూర్తానికే. ఊదారంగు అంగవస్త్రం కప్పుకుని, చేతిలో పూదండలు చుట్టిన ఈటె పట్టుకుని ఆమె బలిపీఠం దగ్గరికి వచ్చేది. మారియుస్ ఆమెను నిజంగా నమ్మాడా, లేక ఆమెతో కలిసి ఆడిన నాటకమా అని చాలామందికి అనుమానం వచ్చిందని ప్లుటార్క్ అంటాడు. నాటకమైనా సరే, పాత్రకు తగ్గ పేరు. పల్లకీలో ఊరేగే 'ఆ దొరసాని'.

క్రీస్తు కాలానికి వచ్చేసరికి ఇది యూదుల ఇళ్లలో మామూలు ఆడపిల్లల పేరైపోయింది. అప్పట్లో యెరూషలేము చుట్టుపక్కల చనిపోయినవాళ్ల ఎముకలను రాతిపెట్టెల్లో భద్రపరిచేవాళ్లు, పెట్టె మీద పేరు గీకేవాళ్లు. ఆ పేర్లనూ, పాత పత్రాల్లోని పేర్లనూ లెక్కపెట్టిన చరిత్రకారులకు తేలిందేమిటంటే, స్త్రీలలో సగానికి దగ్గరగా మరియ, సలోమే అనే రెండు పేర్లే. వాటి తర్వాత ముందు వరుసలో ఉన్న పేర్లలో మార్త ఒకటి.

ఆ మార్తల్లో బాగా డబ్బున్నావిడ బోయెతూస్ కూతురు మార్త. ప్రధాన యాజకుల వంశం. తాను పెళ్లాడిన యెహోషువ బెన్ గమ్లాకు ప్రధాన యాజక పదవి ఇప్పించడానికి రాజుకు కుంచాలకొద్దీ నాణేలు కొలిచి ఇచ్చిందని యూదుల ధర్మగ్రంథం తాల్ముద్ చెబుతుంది. తర్వాత రోమన్లు యెరూషలేమును ముట్టడించారు. క్రీ.శ. 70లో నగరం పడిపోయింది. ఆ ముట్టడి రోజుల్లో ఈమెకు ఏమైందో తాల్ముద్ చెప్పే తీరు చదివితే మర్చిపోలేం. మేలురకం పిండి తెమ్మని నౌకరును బజారుకు పంపింది. వాడు వెళ్లేసరికి అయిపోయింది. తిరిగొచ్చి, "అది లేదు, తెల్లపిండి ఉంది" అన్నాడు. అయితే అదే తెమ్మంది. వెళ్లేసరికి అదీ లేదు. "ముతకపిండి ఉంది." అదే తే. వెళ్లేసరికి అదీ అయిపోయింది. "బార్లీపిండి మాత్రం ఉంది." పోనీ అదైనా తే. అదీ లేదు. అప్పటికే చెప్పులు విడిచి ఉన్న ఆవిడ, తినడానికి ఏమైనా దొరుకుతుందేమో నేనే చూస్తానని అలాగే వీధిలోకి వచ్చింది. కాలికి పేడ అంటుకుంది. ఆ జుగుప్సకు ప్రాణం పోయింది. ప్రాణం పోయే ముందు తన వెండీ బంగారమూ తెచ్చి వీధిలో పారేసింది, ఇది నాకెందుకు అని. ఇక్కడ పేరు ఊరికే పడలేదనిపిస్తుంది నాకు. నౌకరును పురమాయించడం తప్ప వేరే తెలియని 'ఇంటావిడ' జీవితంలో మొదటిసారి తానే బజారుకు బయల్దేరింది.

'చేదు' ఎక్కణ్ణుంచి వచ్చింది?

రూతు గ్రంథంలో భర్తనూ, ఇద్దరు కొడుకులనూ పోగొట్టుకుని ఊరికి తిరిగొచ్చిన నయోమి, నన్ను నయోమి అని కాదు, 'మారా' అని పిలవండి అంటుంది. హీబ్రూలో మారా అంటే చేదు. ఎడారిలో ఇశ్రాయేలీయులు తాగలేకపోయిన చేదునీళ్ల చోటు పేరు కూడా మారానే. ఇది హీబ్రూ ధాతువు, మ-ర-ర.

మార్త ధాతువు అది కాదు. అది అరామిక్ మ-ర-అ. చివరి అక్షరం కంఠంలో పలికే ఆలిఫ్. వాడుకలో అది అరిగిపోయి వినపడకుండా పోయింది. దాంతో రెండు ధాతువులూ చెవికి ఒకేలా తయారయ్యాయి. చిక్కును ఇంకా బిగించడానికి అన్నట్టు, మార్తను ఇళ్లల్లో ముద్దుగా 'మారా' అని కుదించి పిలిచేవాళ్లు కూడా. కాబట్టి ఒక రాతిపెట్టె మీద 'మారా' అని కనిపిస్తే అది చేదు మారానా, దొరసాని మారానా అన్న ప్రశ్న వస్తుంది. యెరూషలేము శివారు తల్పియోత్‌లో 1980లో ఇళ్లు కట్టడానికి తవ్వుతుంటే బయటపడిన సమాధిలో ఒక పెట్టె మీద, మరియకు గ్రీకు రూపం పక్కనే 'మారా' అని ఉంది. 2007లో ఇది యేసు కుటుంబ సమాధి అంటూ టీవీలకెక్కి పెద్ద దుమారం లేచింది. 'మారా' అంటే 'గురువు' అనే బిరుదని కొందరు వాదించారు. అది మార్తకు పొట్టి రూపం, అంతే, అని ఎక్కువమంది పండితులు కొట్టిపారేశారు. ఎవరి మాట ఎలా ఉన్నా ఇద్దరూ మ-ర-అ దగ్గరే నిలబడ్డారు. చేదు సంగతి ఎవరూ ఎత్తలేదు.

మార్త, మరియ ఒకే పేరుకు రెండు రూపాలని అనుకునేవాళ్లూ ఉన్నారు. అదీ కాదు. మరియ అనేది మిర్యాం నుంచి వచ్చింది. దాని మూలం మీద వాదనలు వేరే, అవి తెగేవి కూడా కావు. కానీ ఈ రెండు పేర్లూ కాగితం మీద ఎంత దగ్గరగా ఉంటాయంటే, గ్రీకు పెద్దక్షరాల్లో రాస్తే తేడా ఒక్క అక్షరమే. నిలువు గీత లాంటి 'ఇ' ఉంటే మరియ, దాని చోట గుండ్రని 'థ' ఉంటే మార్థ. యోహాను సువార్తకు మనకు దొరికిన బాగా పాత ప్రతుల్లో ఒకదాన్ని పండితులు పి66 అంటారు. ఎక్కువమంది క్రీ.శ. 200 ప్రాంతానిదంటారు. జెనీవా దగ్గరి బోడ్మర్ గ్రంథాలయం సంపాదించిన పపైరస్ అది. అందులో 11వ అధ్యాయం మొదటి వచనంలో రాతగాడు మొదట 'మరియ, ఆమె సహోదరి మరియ' అని రాశాడు. ఆ తర్వాత రెండో మరియలోని ఆ నిలువు గీతను దిద్ది 'థ' చేశారు. పేరు మార్త అయింది. రాసేటప్పుడు జరిగిన చేతి పొరపాటును దిద్దుకున్నారా, లేక అసలు కథలోనే మార్త తర్వాత వచ్చి చేరిందా అని ఇప్పుడు పెద్ద చర్చ నడుస్తోంది. నాకు మొదటిదే తేలికైన వివరణగా కనిపిస్తుంది. వరసగా రెండు 'మరి...' లు రాయాల్సిన చోట చెయ్యి జారడం రాసే అలవాటున్న ఎవరికైనా తెలిసిందే.

గరిటె, తాళాలగుత్తి, డ్రాగన్

లూకా సువార్త 10వ అధ్యాయంలో అయిదంటే అయిదు వచనాలు. మార్త అనే స్త్రీ యేసును తన ఇంట చేర్చుకుంది. ఇల్లు ఆమెది. మగవాళ్ల ప్రస్తావన లేదు. చెల్లెలు మరియ ఆయన పాదాల దగ్గర కూర్చుని మాటలు వింటోంది. మార్తకు చేతినిండా పని. చివరికి విసిగిపోయి అతిథి దగ్గరికే వచ్చి, మా చెల్లెలు పనంతా నా ఒక్కదాని మీదే వదిలేసింది, మీకేమీ పట్టదా, కాస్త చెప్పండి అంటుంది. ఆయన 'మార్తా, మార్తా' అని రెండుసార్లు పిలిచి, నువ్వు ఇన్నింటి గురించి ఆందోళన పడుతున్నావు, కావలసింది ఒక్కటే, మరియ దాన్నే ఎంచుకుంది అంటాడు.

అరామిక్ తెలిసిన చెవితో ఇది మళ్లీ వినండి. 'అమ్మగారూ, అమ్మగారూ' అన్నట్టుంటుంది. పేరుకు దొరసాని, చేస్తున్నది నౌకర్ల పని. కథ గ్రీకులో రాశారు కాబట్టి లూకా పాఠకుల్లో చాలామందికి ఈ మెలిక అందకపోవచ్చు. కానీ ఆ ఊళ్లో, ఆ భాషలో ఆ పిలుపు విన్నవాళ్లకు ఎంతో కొంత తగిలే ఉంటుంది.

ఇక్కణ్ణుంచి పేరు అర్థం పక్కదారి పట్టింది. చర్చి పెద్దలు మరియను ధ్యానానికీ, మార్తను పనికీ గుర్తులు చేశారు. ప్రసంగాల్లో మార్త పేరు వస్తే చాలు, లోకం పనుల్లో కొట్టుకుపోయే మనిషి అన్న అర్థం స్థిరపడిపోయింది. 'సేవ చేసే స్త్రీ' అనే ఆ మూడో అర్థం పట్టికల్లోకి వచ్చింది ఇలాగే. తెలుగులో 'సాని' అనే మాటకు పట్టిన గతి గుర్తొస్తుంది. స్వామిని అన్న సంస్కృత మాటే అరిగి సాని అయింది. దొరసానిలో, రెడ్డిసానిలో దాని పాత గౌరవం అలాగే నిలిచింది. విడిగా వాడితే మాత్రం ఇప్పుడు తిట్టు. మాటలో ఉన్న పరువును కాలం తినేస్తుంది. మార్త తిట్టు దాకా పోలేదు కానీ, ఏలిక స్థానం నుంచి వంటింటి దాకా దిగింది.

ఒక విషయంలో మాత్రం అన్యాయం జరిగిందనే చెప్పాలి. యోహాను సువార్తలో తమ్ముడు లాజరు చనిపోయినప్పుడు ఊరి బయటికి ఎదురెళ్లి యేసుతో వాదించింది మార్తే. 'నువ్వు ఇక్కడ ఉండి ఉంటే మా తమ్ముడు చచ్చిపోయేవాడు కాదు' అని నిలదీసింది ఆమే, ఆయన్ని క్రీస్తు అని నోరారా ఒప్పుకున్నదీ ఆమే. మిగతా సువార్తల్లో పేతురు నోట వచ్చే మాటకు ఇక్కడ సాటివచ్చేది మార్త మాట. ప్రసంగాలు దీన్ని పక్కనబెట్టి గరిటెనే పట్టుకున్నాయి. 14వ శతాబ్దం తొలినాళ్ల జర్మన్ మతగురువు ఎక్‌హార్ట్ ఒక్కడు తిరగబడ్డాడు. మరియ ఇంకా కూర్చుని నేర్చుకుంటోంది, మార్త అప్పటికే నేర్చేసుకుంది, అందుకే పనిచేస్తూ కూడా నిలకడగా ఉండగలిగింది అని ఆయన వాదం. మూలపాఠంలో అలా లేదు, నిజమే. కానీ పేరుకు ఉన్న పాత అర్థానికి ఇంత దగ్గరగా వచ్చిన వ్యాఖ్య నాకు వేరే కనిపించలేదు.

బొమ్మలు గీసేవాళ్లు ప్రసంగాల కంటే నయం. మార్తకు చేతిలో గరిటె పెట్టినా, నడుముకు తాళాలగుత్తి కూడా వేలాడదీశారు. తాళాలగుత్తి ఎవరి దగ్గరుంటే ఇల్లు వాళ్లది. ఇక దక్షిణ ఫ్రాన్సులోని తారాస్కాన్ ఊళ్లో ఆమె కాళ్ల దగ్గర ఒక డ్రాగన్‌ను కూడా చేర్చారు. రోన్ నదిలో దాక్కుని పడవలను ముంచి జనాన్ని తినే తరాస్క్ అనే మృగాన్ని మార్త మంత్రజలం చల్లి, శిలువ చూపించి లొంగదీసి, తన నడికట్టుతో కట్టేసి ఊళ్లోకి లాక్కొచ్చిందని 13వ శతాబ్దపు పుణ్యకథల్లో ఉంది. ఊరి పేరుకూ మృగం పేరుకూ పొత్తు కుదిర్చిన కథ ఇది. చరిత్ర కాదు. అయితే మారియుస్ తన సిరియా మార్తను పల్లకీలో తిప్పింది కూడా దక్షిణ ఫ్రాన్సులోనే, ఆ చుట్టుపక్కలే. రెండు మార్తలూ జనం జ్ఞాపకంలో కలిసిపోయారా అని ఊహించినవాళ్లున్నారు. ఊహగా బాగుంది, అంతకుమించి రుజువు లేదు.

రోములో వాటికన్ లోపల కార్డినళ్లు దిగే అతిథిగృహం పేరు సాంక్తా మార్త. 1996లో కట్టారు. పోప్ ఫ్రాన్సిస్ రాజభవనంలాంటి పాత నివాసం వదిలేసి 2013 నుంచి 2025లో కన్నుమూసేదాకా అక్కడే ఉన్నారు. 2021లో ఆయన హయాంలోనే జూలై 29న ఒక్క మార్తకే జరిగే పండుగను మార్త, మరియ, లాజరు ముగ్గురి పండుగగా మార్చారు. ఫిన్లాండులో 1899లో లూసీనా హాగ్‌మన్ మొదలుపెట్టిన గృహిణుల సంఘం సభ్యులను ఇప్పటికీ 'మార్తలు' అంటారు. అక్కడ మార్త అంటే ఇంటి పని తెలిసిన మనిషి అనే గౌరవమే తప్ప చిన్నచూపు లేదు.

థ ఎలా ఫ అయింది

అరామిక్ 'త'ను గ్రీకులు తమ 'థ'తో రాసుకున్నారు. లాటిన్ దాన్నే అందుకుంది. ఆ తర్వాత ఎవరి నాలుక వాళ్లది. ఇటాలియన్, స్పానిష్, పోలిష్ భాషల్లో మార్తా. ఫ్రెంచివాళ్లు 'మార్త్' అని ఆపేస్తారు. ఇంగ్లీషువాళ్లు నాలుక పళ్ల మధ్య పెట్టి పలుకుతారు. మాటీ, పాటీ, పాట్సీ అనే ముద్దుపేర్లు కూడా వాళ్లలో వచ్చాయి. తెలుగు బైబిలు 'మార్త' అని రాయడంతో మనం తెలియకుండానే అరామిక్ పలుకుకు దగ్గరగా వెళ్లాం.

రష్యాలో మాత్రం మార్ఫా. గ్రీకు 'థ' రష్యన్‌లో 'ఫ'గా మారుతుంది, థియోడోర్ ఫ్యోదోర్ అయినట్టే. 1470లలో మాస్కో ఏలిక 3వ ఇవాన్‌ను ఎదిరించి నోవ్‌గొరోద్ నగరాన్ని నడిపిన బొరేత్స్‌కాయా పేరు మార్ఫా. పేరుకు తగ్గ దొరసాని. 1478లో నగరం ఓడాక ఆమెను మాస్కోకు పట్టుకుపోయారు, ఊరి సభ గంటను కూడా. ఇంకో కథ దీనికి తలకిందులు. బాల్టిక్ ప్రాంతపు పేద కుటుంబంలో పుట్టిన మార్తా స్కవ్రోన్‌స్కా ఒక పాస్టరు ఇంట్లో పనిమనిషిగా పెరిగింది. 1702లో రష్యా సైన్యం చేతికి చిక్కింది. పీటర్ చక్రవర్తికి భార్య అయింది. ఆయన పోయాక 1725లో రష్యా సింహాసనం ఎక్కింది. కానీ అప్పటికి ఆమె కాథరిన్. దొరసాని అనే పేరున్నంత కాలం పనిమనిషి, ఆ పేరు వదిలేశాక మహారాణి.

తోక చూసి పోల్చుకోవచ్చా?

మార్త చివరి 'తా' ఒంటరిది కాదు. యాయీరు కూతుర్ని లేపుతూ యేసు అన్న 'తలీతా కుమీ'లో తలీతా అంటే చిన్నపిల్ల. యొప్పే ఊళ్లో బీదలకు బట్టలు కుట్టిపెట్టిన తబితా పేరుకు జింక అని అర్థం. గ్రీకులో అదే దొర్కా. పుర్రె అని అర్థమున్న గొల్గొతాలో కూడా అదే తోక. అందుకని 'తా'తో ముగిసే పేర్లన్నీ అరామిక్ అనుకోకూడదు. సమంతా అనే ఇంగ్లీషు పేరుకు 'వినేది' అని అరామిక్ అర్థం చెబుతుంటారు. దానికి ఆధారం లేదు. ఆ పేరు 18వ శతాబ్దంలో అమెరికాలో వాడుకలోకి వచ్చింది. ఇక మన సంస్కృత 'సమంత' వేరే కుటుంబం, రెంటినీ కలపనే కూడదు.

మార్ నుంచి వచ్చిన ఇంకో మాట మరనాతా. పౌలు కొరింథీయులకు రాసిన మొదటి పత్రిక చివర్లో గ్రీకు మధ్యలో ఈ అరామిక్ మాట అలాగే ఉండిపోయింది. 'మరనా తా' అని విడగొడితే 'ప్రభువా, రా'. 'మరన్ అతా' అంటే 'మన ప్రభువు వచ్చాడు'. పాత రాతప్రతుల్లో మాటల మధ్య ఖాళీలు ఉండవు కాబట్టి ఎక్కడ విరవాలన్నది చదివేవాడి చేతిలో ఉంటుంది.

అమెరికా మొదటి అధ్యక్షుడి భార్య పేరు మార్త. ఇంట్లో పాట్సీ. అప్పటికి 'ఫస్ట్ లేడీ' అనే మాట పుట్టలేదు, జనం ఆమెను లేడీ వాషింగ్టన్ అన్నారు. లేడీ అంటే దొరసాని. అంటే ఆమె పేరునే తెలియకుండా అనువదించి పిలిచారు. ఆవిడ పేరే తర్వాత సిన్సినాటి జంతుప్రదర్శనశాలలో ఒక పావురానికి పెట్టారు. పాసింజర్ పావురం. ఒకప్పుడు ఆకాశం కమ్మేసేంత గుంపులుగా ఎగిరిన జాతి. జోడీ పక్షి జార్జ్ 1910లో పోయింది. 1914 సెప్టెంబరు 1న మార్త కూడా పోయింది. ఆ జాతి అంతటితో సరి. దాన్ని మంచుదిమ్మలో గడ్డకట్టించి రైల్లో స్మిత్సోనియన్ మ్యూజియానికి పంపించారు. ఆ మ్యూజియం ఉన్న ఊరు వాషింగ్టన్.